ఊపిరితిత్తుల్లో నీరు: ఎక్కడ చేరింది? ఎందుకు చేరింది?

ఇవాళ్టి ఎపిసోడ్‌లో ఊపిరితిత్తుల్లో నీరు చేరడం గురించి మాట్లాడుకుందాం. మన ఇళ్ళల్లో ఈ మాట తరచుగా వింటూనే ఉంటాం. "ఆయనకి లంగ్స్‌లో నీరు పట్టిందంట", "నెమ్ము చేసిందంట", "ఆమెకి లీటరు నీరు తీశారంట" అని. వినగానే భయం వేస్తుంది. కానీ ఆ మాటకి అసలు అర్థం ఏంటో విడమర్చి చెప్పేవాళ్ళు తక్కువ.

ముందే ఒక మాట. నేను డాక్టర్‌ని కాదు. బీటెక్ చదివి, కొన్నేళ్ళు సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసి ఇటు వచ్చినవాణ్ణి. అందుకని ఈ వీడియో చూసి మందులు వేసుకోవడాలు, మానేయడాలు వద్దు. రేపు మీ ఇంట్లో ఎవరికైనా డాక్టర్ ఈ మాట చెబితే, ఆయన చెప్పేది మీకు అర్థం కావాలి, సరైన ప్రశ్న అడగడం రావాలి. నా ప్రయత్నం అంతవరకే.

ఇంతకీ ఆ సరైన ప్రశ్న ఏంటి? ఊపిరితిత్తుల్లో నీరు అనేది జబ్బు పేరు కాదండి. అది లోపల ఇంకేదో జబ్బు ఉందని చెప్పే గుర్తు. సాఫ్ట్‌వేర్‌లో స్క్రీన్ మీద ఎర్రర్ మెసేజ్ వస్తుంది చూడండి, ఆ బాక్స్‌ని క్లోజ్ చేస్తే మెసేజ్ పోతుంది, బగ్ పోదు. ఇదీ అంతే. కాబట్టి అడగాల్సినవి రెండు. నీరు ఎక్కడ చేరింది? ఎందుకు చేరింది? ఈ రెండూ తెలిస్తే వైద్యం దారి తెలిసినట్టే.

మొదటి ప్రశ్న చూద్దాం. మన ఊపిరితిత్తుల్లో వాయుగోణులు అని చిన్న చిన్న గాలి గదులు ఉంటాయి. పదో తరగతి జీవశాస్త్రంలో చదువుకునే ఉంటారు. సుమారు 30 నుంచి 50 కోట్ల దాకా ఉంటాయవి. వాటన్నిటినీ విప్పి పరిస్తే ఒక చిన్న టూ బెడ్‌రూమ్ ఫ్లాట్ అంత నేల వస్తుంది. ఆ గదుల చుట్టూ సన్నటి రక్తనాళాలు అల్లుకుని ఉంటాయి. గాలికీ రక్తానికీ మధ్య ఉండే గోడ ఎంత పల్చగా ఉంటుందంటే, ఆక్సిజన్ అటు నుంచి ఇటు ఇట్టే దాటేస్తుంది. రక్తంలోని నీరు ఆ గోడ దాటి గాలి గదుల్లోకి వచ్చేస్తే, దాన్ని పల్మనరీ ఎడీమా అంటారు. నీరు ఊపిరితిత్తి లోపలే ఉందన్నమాట.

రెండో చోటు ఊపిరితిత్తి బయట. ఊపిరితిత్తి చుట్టూ ప్లూరా అని రెండు పొరలు ఉంటాయి. ఒకటి ఊపిరితిత్తిని అంటుకుని, ఇంకోటి ఛాతీ గోడని అంటుకుని. ఊపిరి తీసినప్పుడల్లా అవి ఒకదాని మీద ఒకటి జారాలి కదా, అందుకు మధ్యలో కొన్ని మిల్లీలీటర్ల ద్రవం మాత్రమే ఉంటుంది. ఆ సందులో ద్రవం పెరిగిపోయి అర లీటరు, లీటరు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ చేరితే దాన్ని ప్లూరల్ ఎఫ్యూజన్ అంటారు. ఇక్కడ ఊపిరితిత్తి లోపల నీరు లేదు. బయట చేరిన నీరు దాన్ని నొక్కేస్తోంది.

తేడా ఎందుకు తెలియాలంటే, వైద్యం పూర్తిగా వేరు. బయట పొరల్లో ఉన్న నీటిని సూదితో తీయొచ్చు. లోపల గాలి గదుల్లో ఉన్న నీటిని సూదితో తీయడం కుదరదు, మందులతో, ఆక్సిజన్‌తో బయటికి పంపాలి. "పక్కింటాయనకి సూది పెట్టి తీశారు, మా నాన్నకి ఎందుకు తీయట్లేదు?" అని డాక్టర్ల మీద కోప్పడేవాళ్ళు ఉంటారు. కారణం ఇదే.

ఇప్పుడు రెండో ప్రశ్న. ఎందుకు చేరింది? దీనికి మన ఊరి చెరువుని తలుచుకోండి. చెరువు గట్టు అవతలికి నీళ్ళు రావడానికి రెండు దార్లు. చెరువు నిండిపోయి, నీటి ఒత్తిడికి గట్టులోంచి ఊట ఊరడం ఒకటి. గట్టే దెబ్బతిని కారిపోవడం ఇంకొకటి. ఊపిరితిత్తుల్లోనూ అంతే. ఒత్తిడి పెరిగి నీరు ఊరుతుంది, లేదా గోడ పాడై నీరు కారుతుంది.

ఒత్తిడి పెరిగే కారణాల్లో ముందు చెప్పుకోవాల్సింది గుండె. గుండె ఎడమవైపు బలహీనపడితే, ఊపిరితిత్తుల నుంచి వచ్చే రక్తాన్ని ముందుకి పంపలేదు. రక్తం వెనక్కి నిలబడిపోతుంది, ఒత్తిడి పెరుగుతుంది, నీరు గాలి గదుల్లోకి ఊరుతుంది. గుండెపోటు వచ్చినప్పుడు, బీపీ బాగా పెరిగిపోయినప్పుడు, కవాటాలు చెడినప్పుడు ఇలా జరుగుతుంది. తర్వాత కిడ్నీలు. నీటినీ ఉప్పునీ బయటికి పంపాల్సిన కిడ్నీలు పని మానేస్తే ఆ నీరంతా ఒంట్లోనే ఉండిపోతుంది. శ్రీకాకుళం జిల్లా ఉద్దానంలో కిడ్నీ జబ్బు ఎన్ని కుటుంబాలని కుదేలు చేసిందో మనకి తెలుసు. అక్కడైనా ఎక్కడైనా, డయాలసిస్ మీద ఉన్న మనిషికి ఒక్క సిట్టింగ్ తప్పితే ముందు కనిపించే ప్రమాదాల్లో ఈ ఆయాసం ఒకటి. లివర్ చెడి పొట్టలో నీరు చేరినవాళ్ళకి కూడా ఆ నీరు పైకి, ముఖ్యంగా కుడివైపు ఛాతీలోకి రావచ్చు.

గోడ పాడయ్యే కారణాలు చూస్తే, న్యుమోనియా, టీబీ, క్యాన్సర్, డెంగీ, పాంక్రియాస్ వాపు, ఒళ్ళంతా ఇన్‌ఫెక్షన్ పాకే సెప్సిస్. వీటిలో టీబీని మనం ప్రత్యేకంగా గుర్తుపెట్టుకోవాలి. ప్రపంచంలో టీబీ వచ్చేవాళ్ళలో దాదాపు నాలుగో వంతు మంది మన దేశంలోనే ఉన్నారు. అందుకే మన దగ్గర ఒక పక్కే నీరు చేరితే, అందులోనూ వయసులో ఉన్నవాళ్ళకి చేరితే, డాక్టర్ టీబీని ముందు వరసలో అనుమానిస్తారు.

ఇంకో కారణం యాత్రలకి వెళ్ళేవాళ్ళ కోసం. సముద్రమట్టానికి 2,500 మీటర్లు దాటిన ఎత్తుకి త్వరగా వెళ్ళిపోతే, గుండె బాగున్నవాళ్ళకి కూడా ఊపిరితిత్తుల్లో నీరు చేరవచ్చు. కేదార్‌నాథ్ గుడి దాదాపు 3,580 మీటర్ల ఎత్తులో ఉంది. లేహ్ కూడా సుమారు 3,500 మీటర్లు. పైకి వెళ్ళిన రెండు మూడు రోజుల్లో దగ్గు, కూర్చున్నా ఆయాసం మొదలైతే, "ఇంత దూరం వచ్చాం, దర్శనం చేసుకునే దిగుదాం" అనుకోకూడదు. ఆక్సిజన్ ఉంటే పెట్టాలి, వెంటనే కిందికి దించాలి. అక్కడ దిగడమే మొదటి మందు.

సరే, లక్షణాలకి వద్దాం. గాలి గదుల్లో నీరు చేరితే ముందు తెలిసేది పడకలో. వెల్లకిలా పడుకుంటే ఊపిరి ఆడదు, లేచి కూర్చుంటే తేలికవుతుంది. ఒక దిండు రెండవుతుంది, రెండు మూడవుతాయి. పడుకున్న గంటకో రెండు గంటలకో ఉక్కిరిబిక్కిరై లేచి కిటికీ దగ్గరికి వెళ్ళి నిలబడతారు. కాళ్ళు వాస్తాయి, వేలితో నొక్కితే గుంట పడుతుంది. రెండు మూడు రోజుల్లోనే రెండు కిలోల బరువు పెరుగుతారు. అది కొవ్వు కాదు, నీరు. చాలా ఇళ్ళల్లో దీన్ని "వయసైపోయింది కదా" అని వదిలేస్తారు. మీ అమ్మగారో నాన్నగారో ఈ మధ్య దిండ్లు పెంచుకుంటూ పోతున్నారా అని ఒక్కసారి గమనించండి. ఇది చాలా పనికొచ్చే గుర్తు.

ఇంకో మాట కూడా. నెలలు నిండిన గర్భిణికి గానీ, కాన్పైన బాలింతకి గానీ పడుకుంటే ఆయాసం వస్తే "వాతం చేసింది" అని ఇంట్లో కూర్చోబెట్టొద్దు. కాన్పు ముందూ వెనకా గుండె కండరం బలహీనపడే జబ్బు ఒకటుంది. అప్పటిదాకా తెలియని కవాటాల జబ్బు కూడా ఆ సమయంలోనే బయటపడొచ్చు. వెంటనే చూపించాలి.

పొరల్లో నీరు చేరితే లక్షణాలు కొంచెం వేరు. ఒక పక్క ఛాతీలో పొడిచినట్టు నొప్పి, గట్టిగా ఊపిరి తీసినా దగ్గినా ఎక్కువవుతుంది. పొడి దగ్గు ఉంటుంది. టీబీ అయితే సాయంత్రం పూట జ్వరం, రాత్రి చెమటలు, ఆకలి లేకపోవడం, బరువు తగ్గడం కూడా ఉండొచ్చు. ఇక్కడ ఒక మోసం ఉంది, జాగ్రత్తగా వినండి. మొదట్లో పొరలు రెండూ ఒరుసుకోవడం వల్ల నొప్పి వస్తుంది. నీరు పెరిగేకొద్దీ పొరలు దూరం జరుగుతాయి, నొప్పి తగ్గుతుంది! మనిషి నయమైంది అనుకుంటాడు. జబ్బు మాత్రం పెరుగుతోంది.

మాకు వరసకి బాబాయ్ అయ్యే ఒకాయనకి అచ్చం ఇలాగే జరిగింది. లారీ నడుపుతారు. కుడిపక్క నొప్పి అంటే గ్యాస్ అనుకుని బిళ్ళలు వేసుకున్నారు. మూడు వారాలకి నొప్పి పోయింది, మళ్ళీ డ్యూటీ ఎక్కారు. తర్వాత క్యాబిన్‌లోకి ఎక్కడానికే రొప్పు రావడం మొదలైంది. ఎక్స్‌రే తీస్తే కుడివైపు సగం పైగా తెల్లగా ఉంది. నీరు తీసి పరీక్ష చేస్తే టీబీ. అసలు కష్టం ఆ తర్వాత వచ్చింది. రెండు నెలలు మందులు వాడేసరికి ఒంట్లో బాగుంది, ఇంక మానేస్తానన్నారు. పిన్ని ఒప్పుకోలేదు. పొద్దున్నే బిళ్ళలు అరచేతిలో పెట్టి, మింగేదాకా ఎదురుగా నిలబడేది. ఆరు నెలలూ అలాగే వాడించింది. ఇప్పుడాయన మళ్ళీ లారీ నడుపుతున్నారు.

ఇక పరీక్షలు. డాక్టర్ ఛాతీ మీద వేలు పెట్టి ఇంకో వేలితో తట్టడం చూసే ఉంటారు. దీన్ని 1761లో ఔవెన్‌బ్రుగ్గర్ అనే ఆస్ట్రియా డాక్టర్ పుస్తకంగా రాశారు. ఆయన తండ్రి సత్రం నడిపేవారు. ద్రాక్షసారా పీపాని తట్టి, లోపల ఎంతవరకు ఉందో శబ్దాన్ని బట్టి చెప్పే పద్ధతి నుంచే ఈ ఆలోచన వచ్చిందని చెబుతారు. మనం పుచ్చకాయ కొనేటప్పుడు తట్టి చూడమా, అలాంటిదే. గాలి ఉంటే డొల్లగా మోగుతుంది, నీరు ఉంటే మొద్దుగా వినిపిస్తుంది.

ఆ తర్వాత ఎక్స్‌రే. నిలబెట్టి తీసిన ఎక్స్‌రేలో నీరు కనిపించాలంటే సుమారు 200 మిల్లీలీటర్లు ఉండాలి. అంతకన్నా తక్కువ ఉన్నా అల్ట్రాసౌండ్ పట్టేస్తుంది. గుండె మీద అనుమానం ఉంటే ఈసీజీ, ఎకో చేస్తారు. కిడ్నీ, లివర్ కోసం రక్త పరీక్షలు ఉంటాయి.

పొరల్లో నీరు ఉండి, కారణం స్పష్టంగా తెలియకపోతే కొంచెం నీరు తీసి ల్యాబ్‌కి పంపుతారు. రిచర్డ్ లైట్ అనే అమెరికా డాక్టర్ 1972లో ఒక లెక్క ఇచ్చారు, ఇప్పటికీ అదే వాడతారు. తీసిన నీటిలోనూ, రక్తంలోనూ ప్రొటీన్, ఎల్‌డీహెచ్ ఎంతెంత ఉన్నాయో పోల్చి చూస్తారు. నీటిలో ప్రొటీన్ రక్తంలో ఉన్నదానిలో సగం దాటితే, గట్టు పాడైందన్నమాట, ఇన్‌ఫెక్షనో టీబీనో క్యాన్సరో వెతకాలి. ప్రొటీన్, ఎల్‌డీహెచ్ రెండూ తక్కువగా ఉంటే ఒత్తిడి వల్ల ఊరిన నీరు, గుండె, కిడ్నీ, లివర్ వైపు చూడాలి. టీబీ కోసం ఏడీఏ అనే పరీక్ష చేస్తారు, 40 దాటితే అనుమానం బలపడుతుంది. క్యాన్సర్ కణాలు ఉన్నాయేమో కూడా చూస్తారు. కాబట్టి ఆ తీసిన నీరు పారబోసే నీరు కాదండి, మీ జబ్బు పేరు అందులోనే ఉంది.

నీరు తీయడం అంటే చాలామందికి భయం. పేషెంట్‌ని కూర్చోబెట్టి, ముందు బల్ల మీదికి వంచి, వీపు వైపు మత్తు ఇచ్చి, స్కాన్‌లో చూస్తూ పక్కటెముకల మధ్య సూది పెడతారు. ఊపిరితిత్తికి సూది తగిలి గాలి లీకయ్యే ప్రమాదం కొద్దిగా ఉంటుంది, స్కాన్ చూస్తూ చేస్తే అది ఇంకా తగ్గుతుంది. ఎంత నీరు ఉన్నా ఒకేసారి మొత్తం తీసేయరు, సాధారణంగా లీటరు, లీటరున్నర దగ్గర ఆపుతారు. చాలా రోజులు నలిగి ఉన్న ఊపిరితిత్తి ఒక్కసారిగా విచ్చుకుంటే, దాని లోపలే నీరు చేరే ప్రమాదం ఉంది. అందుకని "సగమే తీసి పంపించేశారు" అని అనుకోకండి.

"ఒకసారి తీస్తే అలవాటైపోయి మళ్ళీ మళ్ళీ వస్తుంది" అని పెద్దవాళ్ళు అంటుంటారు. మళ్ళీ రావడం నిజమే కావచ్చు, కారణం మాత్రం సూది కాదు. లోపలి జబ్బు ఇంకా ఉంది కాబట్టి వస్తుంది. ఈ భయంతో నెలలు గడిపేస్తే టీబీలో పొరలు దళసరెక్కి ఊపిరితిత్తిని బిగించేస్తాయి. చీము పడితే, సూదితో అయిపోయేది ఆపరేషన్ దాకా వెళ్ళొచ్చు.

ఇప్పుడు వైద్యం. గుండె వల్ల గాలి గదుల్లో నీరు చేరితే అది ఎమర్జెన్సీ. కూర్చోబెట్టి ఆక్సిజన్ ఇస్తారు, మాస్క్ పెట్టి ఒత్తిడితో గాలి పంపే బైపాప్ మెషీన్ వాడతారు. మూత్రం ద్వారా నీటిని దించే ఫ్యూరోసెమైడ్ ఇంజెక్షన్ ఇస్తారు. బీపీ ఎక్కువగా ఉంటే రక్తనాళాలని వదులు చేసే నైట్రోగ్లిజరిన్ ఇస్తారు. కిడ్నీలు పని చేయకపోతే డయాలసిస్. గుండెపోటు అయితే మూసుకున్న రక్తనాళాన్ని తెరవాలి. టీబీ అయితే మామూలుగా ఆరు నెలల మందులు, ప్రభుత్వ ఆసుపత్రుల్లో ఉచితం. వైద్యం జరుగుతున్నన్నాళ్ళూ పోషకాహారం కోసం నిక్షయ్ పోషణ్ కింద నెలకి 1,000 రూపాయలు బ్యాంకు ఖాతాలో వేస్తారు, 2024 నవంబర్ ముందు అది 500 ఉండేది. ఆ మందులతో మూత్రం నారింజ రంగులో వస్తే కంగారు పడొద్దు, కళ్ళు పచ్చబడితే మాత్రం వెంటనే చెప్పాలి. చీము అయితే గొట్టం వేసి, యాంటీబయాటిక్స్ ఇస్తారు. క్యాన్సర్ వల్ల నీరు పదే పదే వస్తుంటే, రెండు పొరలనీ అతికించేయడమో, ఇంట్లోనే నీరు దించుకునేలా సన్నటి గొట్టం ఉంచడమో చేస్తారు. జబ్బు పూర్తిగా పోకపోయినా ఆ మనిషి హాయిగా ఊపిరి తీసుకుని నిద్రపోగలుగుతారు, అది చిన్న విషయం కాదు.

ఇంట్లో మనం చేయాల్సినవి కూడా చెప్పుకుందాం. ఊపిరితిత్తుల్లో నీరు అనగానే కొందరు మంచినీళ్ళు తాగడం మానేస్తారు. టీబీ వల్ల చేరిన నీటికీ మీరు తాగే నీటికీ సంబంధం లేదు. గుండె, కిడ్నీ జబ్బు ఉన్నవాళ్ళకి మాత్రం ఎంత తాగాలో డాక్టర్ లెక్క చెబుతారు. వాళ్ళు నీళ్ళకన్నా ముందు జాగ్రత్త పడాల్సింది ఉప్పు దగ్గర. మన ఆవకాయ, అప్పడం, వడియం, చల్లమిరపకాయ, ఎండుచేప, వీటన్నిటిలో ఉండేది ఉప్పే. బజార్లో దొరికే తక్కువ సోడియం ఉప్పు వాడదామనుకుంటే, అందులో పొటాషియం ఉంటుంది, కిడ్నీ జబ్బు ఉన్నవాళ్ళకీ, కొన్ని గుండె మందులు వాడేవాళ్ళకీ అది ప్రాణం మీదికి తెస్తుంది. అడిగి వాడండి. గుండె జబ్బు ఉన్నవాళ్ళు రోజూ పొద్దున్నే బరువు చూసి రాసుకోవాలి.

ఇంకొకటి, చాలా ముఖ్యం. మన ఊళ్ళల్లో నీరసం అనగానే "ఒక సెలైన్ పెట్టండి డాక్టర్ గారూ" అని మనమే అడుగుతాం. గుండె, కిడ్నీ బలహీనంగా ఉన్న మనిషికి ఆయాసంలో సెలైన్ ఎక్కిస్తే, ఆ బాటిల్‌లో ఉన్నది నేరుగా ఊపిరితిత్తుల్లోకే చేరొచ్చు. డెంగీలోనూ అంతే, ఎంత ఎక్కించాలి, ఎప్పుడు ఆపాలి అనేది లెక్క చూసి చేయాల్సిన పని. ఎవరైనా సెలైన్ పెట్టబోతుంటే "ఈయనకి గుండె జబ్బు ఉందండి", "డయాలసిస్ మీద ఉన్నారండి" అని ముందే చెప్పండి. ఆ ఒక్క మాటతో పెద్ద ప్రమాదం తప్పుతుంది.

చివరిగా, ఎప్పుడు ఆగకుండా పరిగెత్తాలి? మాట పూర్తి చేయలేనంత ఆయాసం, పెదాలు నీలం రంగు, గులాబీ రంగు నురగతో దగ్గు, ఒళ్ళంతా చల్లటి చెమటలు, ఛాతీ పట్టేసినట్టు నొప్పి, మగతగా మారిపోవడం, కోవిడ్ అప్పుడు కొన్న ఆక్సీమీటర్‌లో 90 కంటే తక్కువ. వీటిలో ఏది కనిపించినా 108కి ఫోన్ చేయండి. ఈలోగా పడుకోబెట్టొద్దు. వీపుకి దిండ్లు పెట్టి నిటారుగా కూర్చోబెట్టండి, కాళ్ళు మంచం కిందికి వేలాడనివ్వండి. నోట్లో నీళ్ళు, టీ, ఏమీ పోయొద్దు. వాడుతున్న మందుల చీటీలన్నీ ఒక కవర్లో వేసుకుని వెంట తీసుకెళ్ళండి.

ఇదండీ విషయం. రేపెప్పుడైనా మీవాళ్ళ గురించి "నీరు చేరింది" అని డాక్టర్ అంటే, తల ఊపి బయటికి వచ్చేయకండి. "డాక్టర్ గారూ, నీరు లోపలుందా, పొరల్లో ఉందా? ఎందుకు చేరింది?" అని అడగండి. ఎందుకో ఇంకా తెలియకపోతే "తెలుసుకోవడానికి ఏ పరీక్ష చేస్తారు?" అని అడగండి. నీరు తీసేశాక ఆయాసం తగ్గిందని ఆ రెండో ప్రశ్నని మాత్రం వదిలేయొద్దు.

ఇంకో ఎపిసోడ్‌లో మళ్ళీ కలుద్దాం. అప్పటిదాకా ఆరోగ్యం జాగ్రత్త. నమస్తే.